రోజూ వీడియో కాల్‌లో కనిపిస్తున్నా మనిషి దూరమైపోతున్నట్టుంది, ఏం చేయాలి?

అమ్మా,

నువ్వు రాసింది నిన్న రాత్రి రెండుసార్లు చదివాను. పొద్దున్న మా వారికి కూడా చదివి వినిపించాను. ప్రశ్న చూడని వాళ్ళ కోసం రెండు ముక్కల్లో చెబుతాను. ఈ అమ్మాయిది విశాఖపట్నంలో గాజువాక. భర్త ఆయిల్ ట్యాంకర్ మీద థర్డ్ ఇంజినీరు. ఓడెక్కి ఐదు నెలలైంది, ఇప్పుడు ఓడ బ్రెజిల్ తీరంలో తిరుగుతోంది. ఓడలో వైఫై ఉంది కాబట్టి రోజూ రాత్రి పాప పడుకున్నాక వీడియో కాల్ చేసుకుంటారు. "తిన్నావా", "తిన్నాను", "పాప ఎలా ఉంది", "బాగుంది". అంతే, ఆ తర్వాత ఇద్దరికీ మాట దొరకదు. ఫోన్ పెట్టేశాక అంతకుముందు కంటే ఎక్కువ ఒంటరిగా అనిపిస్తోంది. పోయినసారి సెలవుకి వచ్చినప్పుడు ఆయన ఇంట్లో చుట్టంలా మసిలాడు. మూడేళ్ళ పాప ఆయన్ని చూసి తలుపు వెనక దాక్కుంది. "మా మధ్య ప్రేమ అయిపోయిందా ఆంటీ?" అని అడుగుతోంది.

అయిపోలేదమ్మా. అయిపోయిన చోట ఫోన్ పెట్టేశాక ఏడుపు రాదు.

నేనెందుకు ఇంత గట్టిగా చెబుతున్నానో కూడా చెప్పాలి. మాది వన్‌టౌన్, కురుపాం మార్కెట్ దగ్గర. 1979లో నా పెళ్ళయ్యేసరికి మా వారు మర్చంట్ నేవీలో రేడియో ఆఫీసరు. 1998లో ఆఖరిసారి ఓడ దిగారు. ఆ పందొమ్మిదేళ్ళలో మేమిద్దరం ఒక కప్పు కింద గడిపిన రోజులన్నీ కలిపితే ఆరేళ్ళు కూడా పూర్తి కావు. రేడియో ఆఫీసరంటే నీ వయసు వాళ్ళకి తెలియకపోవచ్చు. ఓడకి, ఒడ్డుకి మధ్య మాటలు మోసే మనిషి. మోర్స్ కీ మీద టిక్కు టిక్కుమని కొడుతూ టెలిగ్రాములు పంపడం, అందుకోవడం, వాతావరణ హెచ్చరికలు రాసుకోవడం, ఎవరైనా ప్రమాదంలో ఉంటే వినడం ఆయన పని. 1999 ఫిబ్రవరి 1 నుంచి పెద్ద ఓడలన్నిటి మీదా శాటిలైట్, డిజిటల్ రేడియో కలిసిన జీఎండీఎస్ఎస్ పద్ధతి పూర్తిగా అమల్లోకి రావడంతో ఆ ఉద్యోగమే లేకుండా పోయింది. నీ చేతిలో ఉన్న ఫోన్ చేసే పనిని అప్పట్లో ఒక మనిషి చేసేవాడు, ఆ మనిషి నా మొగుడు.

ముందు తేలిగ్గా తీరేది చూద్దాం. నువ్వు ఫోన్ చేసే వేళ సరైంది కాదు. బ్రెజిల్ తీరం దగ్గర ఓడ గడియారం మామూలుగా మనకంటే ఎనిమిదిన్నర గంటలు వెనక ఉంటుంది. నువ్వు గిన్నెలు కడిగి, పాపను పడుకోబెట్టి, రాత్రి తొమ్మిదిన్నరకి మంచం మీద కూర్చుని ఫోన్ తీస్తే అక్కడ మధ్యాహ్నం ఒంటిగంట. థర్డ్ ఇంజినీరుకి పాత పద్ధతిలో పన్నెండు నుంచి నాలుగు దాకా వాచ్, అంటే డ్యూటీ, పగలూ అంతే, రాత్రీ అంతే. కొత్త ఓడల్లో రాత్రిపూట ఇంజిన్ రూమ్ అలారాల మీద వదిలేసి, పగలంతా పని చేయిస్తారు. ఏ పద్ధతైనా ఒంటిగంట ఆయన చేతిలో ఉండే వేళ కాదు. నలభై డిగ్రీలు దాటిన వేడిలో, చెవులకు మఫ్స్ పెట్టుకుని, ఆయిల్ శుద్ధి చేసే ప్యూరిఫయర్ల మోతలోంచి పది నిమిషాలు పైకొచ్చి నీతో మాట్లాడుతున్నాడేమో అడుగు. నీ రోజు ముగిసి నీ మనసు విప్పుకునే వేళకి ఆయన రోజు నడిమధ్యలో ఉంది. పన్నెండు-నాలుగు వాచ్ అయితే తెల్లవారుజామున నాలుగింటికి దిగి, స్నానం చేసి, నిద్ర పట్టేదాకా కూర్చునే అరగంట ఉంటుంది చూడు, అది ఓడ మీద మనిషి నిజంగా ఖాళీగా ఉండే వేళ. అప్పుడు మనకి మధ్యాహ్నం ఒంటిగంట. పాప మెలకువగా ఉంటుంది, అన్నం తింటూ ఉంటుంది. వారానికోసారి "ఓడ టైమ్ ఎంతయింది ఇప్పుడు" అని అడిగి వంటింటి గోడ మీద రాసిపెట్టుకో. ఓడ తూర్పుకో పడమరకో కదిలేకొద్దీ అది మారిపోతూ ఉంటుంది.

పోర్టులో ఉన్న రోజుల్లో అసలు ఆశ పెట్టుకోకు. ఒడ్డుకి వచ్చాడు, సిగ్నల్ బాగుంటుంది, ఇక తీరిగ్గా మాట్లాడతాడు అనుకుంటాం. అప్పుడే వాళ్ళకి నిద్ర ఉండదు. సరకు దించడం, ఆయిల్ ఎక్కించుకోవడం, ఇన్‌స్పెక్షన్లు అన్నీ ఒకేసారి మీద పడతాయి. పైగా ట్యాంకర్ డెక్ మీద మామూలు మొబైల్ వాడనివ్వరు. ఆ రెండు మూడు రోజుల మౌనాన్ని కోపం కింద లెక్క వేయకు.

ఇక మాట దొరకకపోవడం గురించి. మా వారు దీన్ని నాకంటే బాగా ఎరుగుదురు. ఎందుకంటే ఓడలో ప్రతి మనిషి ఇంటి ఫోనూ ఆయన కలిపిందే. రేడియో టెలిఫోన్ అని ఉండేది. ఒడ్డున ఉండే కోస్టు రేడియో స్టేషన్ ద్వారా కాల్ బుక్ చేయాలి, కనీస చార్జీ మూడు నిమిషాలకి. చాలాసార్లు ఒకరు మాట్లాడడం అయ్యాక "ఓవర్" అంటేనే రెండోవాళ్ళు మాట్లాడాలి. లైను సరిగా ఉందో లేదో చూడాలి కాబట్టి మధ్యమధ్యలో ఆయన చెవిన పడేది. విన్నది బయటికి చెప్పకూడదని రూలు. పేర్లు నాక్కూడా ఎన్నడూ చెప్పలేదు. కానీ మనుషుల గురించి ఆయనకి ఒకటి అర్థమైంది, అది చెప్పేవారు. మూడు నిమిషాల్లో పదిసార్లు "అందరూ బాగున్నారా" అని అడిగి, పదిసార్లూ "బాగున్నాం" అని విన్న మనిషి మర్నాడు రేడియో రూముకి వచ్చి నిలబడేవాడట. "నిన్న మా ఆవిడ ఏమంది సార్?" అని అడిగేవాడట. గుర్తుండదు. "బాగున్నాం" అనే మాటలో పట్టుకోవడానికి ఏమీ లేదు. అదే ఎవరి భార్యైనా "నూతిలో నీళ్ళు అడుగంటాయి, చేంతాడు ఇంకో రెండు బారలు కలిపాం" అని చెబితే, "గేదె ఈనింది, దూడకి నుదుట తెల్ల మచ్చ" అని చెబితే, ఆ మనిషి ఆ మచ్చ గురించి మెస్‌లో నలుగురికీ వారం రోజులు చెప్పుకునేవాడట. ఇంటికి వెళ్ళి వచ్చినంత వెలుగు ఉండేదట ముఖంలో.

కాబట్టి "ఎలా ఉన్నావు" మానెయ్యి. పాప ఇవాళ ఎవరితో పోట్లాడిందో చెప్పు. కుళాయి నీళ్ళు ఎన్నింటికి వచ్చాయో చెప్పు. స్టీల్‌ప్లాంట్ బస్సు పక్కింటి గోడ రాసుకుని వెళ్ళిన సంగతి చెప్పు. ఆయన్నీ "పని ఎలా ఉంది" అని అడక్కు. "ఇవాళ ఏ మెషిన్ విప్పావు? లోపల ఏం కనిపించింది?" అని అడుగు. నీకు అర్థం కాదని ఆయన చెప్పడం మానేసి ఉంటాడు. నేను మూడేళ్ళు పట్టుబట్టి నేర్చుకున్నాను, ట్రాఫిక్ లిస్ట్ అంటే ఏమిటో, యాంటెనా మీద ఉప్పు పేరుకుంటే ఏమవుతుందో. ఆ మాటలు నాకు ఎందుకూ పనికిరాలేదు, ఆయనకి మాత్రం ఇంట్లో చెప్పుకోవడానికి ఒక చెవి దొరికింది.

మాటలు అయిపోయాక వచ్చే మౌనానికి నువ్వు భయపడుతున్నావు కదా, దాని గురించి ఒక విషయం చెప్తాను. పాత రేడియో రూముల్లో గడియారం మీద ఎర్ర రంగు గీతలు ఉండేవి. ప్రతి గంటలోనూ 15 నుంచి 18 నిమిషాల దాకా, మళ్ళీ 45 నుంచి 48 దాకా. ఆ మూడేసి నిమిషాలు, ప్రమాద పిలుపులు వచ్చే 500 కిలోహెర్ట్జ్ మీద ప్రపంచంలో ఏ ఓడా ఏమీ పంపకూడదు. అందరూ చేతులు కట్టుకుని వినాలి. ఎక్కడో బ్యాటరీ అయిపోతున్న లైఫ్‌బోటు నుంచి సన్నగా ఒక పిలుపు వస్తే, మిగతా వాళ్ళ గోలలో అది మునిగిపోకూడదని ఆ ఏర్పాటు. పెళ్ళైన కొత్తలో ఆయన సెలవుకి వచ్చినప్పుడు మాట్లాడుతూ మాట్లాడుతూ ఆగిపోయేవారు. నాకు గుండెలో రాయి పడేది, నా మీద ఇష్టం పోయిందనుకునేదాన్ని. తర్వాత తెలిసింది, ఆయన వింటున్నారు. ఇంటి చప్పుళ్ళు, రోకలి చప్పుడు, మా అత్తగారి దగ్గు, ఎదురింటి వాళ్ళ రేడియో. తొమ్మిది నెలల పాటు ఇంజిన్ మోత తప్ప ఏమీ వినని చెవులు అవి. అంచేత కాల్‌లో మాట ఆగిపోతే కట్ చేయకు. ఫోన్ బియ్యం డబ్బాకి ఆనించి పెట్టి నీ పని నువ్వు చేసుకో. కూర తరుగు, పాపకి జడ వెయ్యి. ఆయన్ని అక్కడ భోజనం చేయనీ, బట్టలు మడత పెట్టుకోనీ. ఒకరినొకరు చూసుకుంటూ కూర్చోవడం కంటే ఒకరి పక్కన ఒకరు పని చేసుకోవడం తేలిక. సంసారం అంటే ఎక్కువ భాగం అదే కదా.

ఇప్పుడు అసలు సంగతికి వస్తాను. నీ ఉత్తరం మధ్యలో ఒక వాక్యం ఉంది. "మొన్న మా నాన్నగారికి స్టెంట్ వేశారు, మా ఆయనకి టెన్షన్ ఎందుకని చెప్పలేదు." ఆ ఒక్క వాక్యం చదివి నేను పుస్తకం మూసినట్టు ఫోన్ పక్కన పెట్టేశాను. అక్కడే ఉందమ్మా నీ దూరం, బ్రెజిల్లో లేదు.

1985 మే నెలాఖరులో మా వారు ఓడెక్కారు. జూన్‌లో నాకు నెల తప్పిందని తెలిసింది. అప్పటికి మా బాబుకి మూడేళ్ళు. "మూడో నెల వెళ్ళేదాకా ఎవరికీ చెప్పకు" అన్నారు మా అత్తగారు. సరే, మూడో నెల వెళ్ళాక ఏరోగ్రామ్ నిండా రాద్దామని దాచుకున్నాను. ఆగస్టు 19న గర్భం పోయింది. వారం తర్వాత ఓపిక తెచ్చుకుని తంతి ఆఫీసుకి వెళ్ళాను. ఓడ పేరు, కోస్టు స్టేషన్ పేరు రాసి, కింద మూడు మాటలు రాసి, ఫారం చించేశాను. నడిసముద్రంలో ఉన్న మనిషి ఏం చేస్తాడు? దిగి రాలేడు, నిద్రపోలేడు. ఇంకో ఫారం తీసుకుని, అందరం క్షేమం అని రాసి ఇచ్చాను. ఇంటికొచ్చి, నేనేదో త్యాగం చేశాననుకున్నాను. నిజంగానే అలా అనుకున్నాను. నాలుగు నెలల పాటు ఆయనకి రాసిన ఉత్తరాలన్నీ చక్కగా, నవ్వుతూ ఉండేవి. రాస్తున్నకొద్దీ ఆయన నాకు ఎవరో అయిపోతున్నట్టు ఉండేది. ఎందుకో తెలిసేది కాదు.

జనవరిలో వచ్చారు. సంక్రాంతికి మా పిన్ని ఇంటికి వెళ్ళాం. ఆవిడకి ఈయనకి తెలియదన్న సంగతి తెలియదు. వడ్డిస్తూ వడ్డిస్తూ, "ఆ కడుపు నిలిచుంటే ఈపాటికి నెలలు దగ్గరపడేవి బాబూ" అనేసింది. ఆయన తినడం ఆపలేదు. చేయి కడుక్కుని బయటికి వెళ్ళారు. ఇంటికొచ్చాక నన్ను ఒక్కటే అడిగారు: "తేదీ ఎంత?"

చెప్పాను. ట్రంకు పెట్టెలోంచి తన నోట్‌బుక్కు తీశారు. రేడియో లాగ్ ఓడకి చెందుతుంది, అది కాదు, తన సొంతానికి రోజుకి రెండు మూడు వరుసలు రాసుకునే పుస్తకం. ఆగస్టు 19 పేజీ తీసి నా ముందు పెట్టారు. ఇప్పటికీ నాకు కంఠతా వచ్చు. "ఉత్తర అట్లాంటిక్. గాలి ఎక్కువగా ఉంది. చీఫ్ కుక్ తల్లి పోయినట్టు టెలిగ్రాం. సాయంత్రం ఆరింటికి ఇచ్చాను. అతను రాత్రి వంట మానలేదు. మనకి ఉత్తరం లేదు."

"ఓడలో అందరి చావు కబుర్లూ నా చేతుల మీదుగానే వెళ్తాయి. నా ఇంటి కబురు ఒక్కటే నాకు రాలేదు" అన్నారు. అరవలేదు. అరిచి ఉంటే నాకు తేలిగ్గా ఉండేది.

నా దగ్గర డైరీ ఏమీ లేదు. ఏం చూపించాలో తెలియక పాల లెక్క పుస్తకం తెచ్చాను. ఆగస్టు 19 నుంచి 23 దాకా గళ్ళు ఖాళీ. ఆసుపత్రిలో ఉన్న రోజులు. బాబుని మా అత్తగారు తోడికోడలి ఇంటికి తీసుకెళ్ళారు కాబట్టి ఇంట్లో పాలు పోయించుకోలేదు. ఆ ఖాళీ గళ్ళ పక్కన ఆయన పుస్తకం పెట్టి, ఒక్కో రోజూ చదివాం. 20న ఆయన ఏం చేశారు, నేనెక్కడున్నాను. 21న ఆయన ఏం తిన్నారు, నాకు ఎవరు అన్నం పెట్టారు. ఐదు రోజులు చదివేసరికి తెల్లారింది. ఆ బిడ్డ కోసం ఆయన ఏడవడం నేను అప్పుడే చూశాను. అప్పటిదాకా ఆ దుఃఖం నా ఒక్కదానిదే. ఐదు నెలలు ఆలస్యంగానైనా ఆయన వాటా ఆయనకి ముట్టింది.

అప్పటినుంచి 1998 దాకా ఇద్దరం రోజుకి ఒక వరుస రాశాం. గొప్ప సంగతులేం కాదు. నేను "కొత్త రోడ్డులో చీరకి ఫాల్ కుట్టించాను" అని, ఆయన "సూయజ్ దగ్గర క్యూలో ఉన్నాం, ఈగలు" అని. కానీ చెడ్డ రోజుని వదిలేయకూడదని ఒప్పందం. ఆయన సెలవుకి వచ్చాక మొదటి పది రాత్రులు రెండు పుస్తకాలూ పక్కపక్కన పెట్టుకుని తేదీల వారీగా చదివేవాళ్ళం. ఆయన లేని తొమ్మిది నెలల్లోకి ఆయన వచ్చేవారు, నేను చూడని సముద్రాల్లోకి నేను వెళ్ళేదాన్ని. ఒకసారి ఆయన పుస్తకంలో, ఇంజిన్ రూమ్‌లో మంటలు అంటుకున్న రోజు దొరికింది. ఆ రోజు నేను దసరా బొమ్మలకొలువు సర్దుతున్నాను. నాకూ చెప్పలేదు మరి, ఆయనా దాచారు. ఆ రాత్రి నాకు కోపం వచ్చింది, ఆ తర్వాత ఆయన చేయి పట్టుకుని చాలాసేపు వదల్లేదు.

నువ్వు అంటావు, వాట్సాప్ ఉంది కదా ఆంటీ, పుస్తకం ఎందుకని. వాట్సాప్‌లో అప్పటికప్పుడు జవాబు కావాలి. జవాబు రాకపోతే, రెండు నీలం టిక్కులు పడి కూడా రాకపోతే, మనసు చెడుతుంది. పుస్తకం జవాబు అడగదు. అందుకని అందులో నిజం రాయగలం. పది రూపాయల నోటుబుక్కు కొనుక్కో, ఆయన్నీ ఒకటి మొదలుపెట్టమను. మీ నాన్నగారి స్టెంట్ వేసిన తేదీతో మొదలుపెట్టు.

మరి చెడ్డ కబురు ఎప్పుడు చెప్పాలి? ఇది జాగ్రత్తగా విను, ఎందుకంటే ఇది ప్రాణాలతో పని. ఆయన వాచ్‌కి వెళ్ళే ముందు చెప్పకు. పోర్టులో నిద్ర లేని రోజున చెప్పకు. మెసేజ్ పెట్టి ఊరుకోకు, మెసేజ్‌లో పోట్లాట అసలొద్దు. మనసు చెదిరిన మనిషి తిరిగే యంత్రాల మధ్య ఉండకూడదు. వాచ్ దిగి, విశ్రాంతి ముందున్నప్పుడు చెప్పు. అవసరమైతే రెండు మూడు రోజులు ఆగు. నెలలు ఆగకు. చెప్పేటప్పుడు తేదీతో సహా చెప్పు, "ఫలానా మంగళవారం ఇలా అయింది, నీకు చెప్పడానికి ఇవాళ దాకా ఆగాను, అందుకు కారణం ఇది" అని. అలా చెబితే దాచినట్టు ఉండదు.

ఆయన ఇంటికొచ్చినప్పుడు చుట్టంలా ఉండటం మామూలే. మొదటి వారం వాళ్ళకి నిద్ర పట్టదు, ఇంజిన్ శబ్దం లేకపోతే ఏదో ఆగిపోయినట్టు ఉలిక్కిపడి లేస్తారు. ఇంట్లో ఏది ఎక్కడుందో తెలియదు, అడిగితే పరాయివాణ్ణి అయిపోయానని సిగ్గు. ఇటు నీకేమో ఒంటిచేత్తో నడిపిన ఇల్లు. గ్యాస్ బుకింగు, స్కూలు ఫీజు, మోటారు రిపేరు అన్నీ నీ లెక్కలో ఉంటాయి. ఆయన వచ్చి ఒక్క డబ్బా అటు జరిపినా ఒళ్ళు మండుతుంది. మాకు ప్రతిసారీ నాలుగో రోజున గొడవ అయ్యేది. కొన్నేళ్ళకి తేదీ ముందే తెలిసేది కాబట్టి ఇద్దరం సిద్ధంగా ఉండేవాళ్ళం. ఆయనకి వచ్చిన రెండో రోజే ఒక పని పూర్తిగా అప్పగించు. సాయం చేయమని కాదు, పూర్తిగా. పాపని సాయంత్రం బయటికి తీసుకెళ్ళడమో, పూర్ణా మార్కెట్ నుంచి కూరగాయలు తేవడమో. తప్పు తెచ్చినా ఊరుకో.

పాప దాక్కుందని బాధపడకు. మా వాడు అంతకంటే పెద్ద మాటే అన్నాడు. తండ్రి వచ్చిన మూడో రోజు నా చెవిలో, "ఈయన ఎప్పుడు వెళ్తారమ్మా?" అని అడిగాడు. ఆయనకి వినబడింది. ఆ సాయంత్రం వాణ్ణి ఎత్తుకోవడానికి ప్రయత్నించడం మానేసి, నేల మీద కూర్చుని కాగితంతో ఓడ చేయడం మొదలుపెట్టారు. వాడి వైపు చూడలేదు. మూడో ఓడకి వాడు వచ్చి పక్కన కూర్చున్నాడు. పిల్లల్ని ముద్దు పెట్టమని, ఒళ్ళోకి వెళ్ళమని తొయ్యకు. ఫోన్‌లో కూడా "నాన్నకి హాయ్ చెప్పు" అని బలవంతం చేయకు. అది వాళ్ళకి పరీక్ష. రోజూ అన్నం తినేటప్పుడు నాన్న ఫోన్‌లో పక్కన ఉంటే చాలు, ఆయన వచ్చేసరికి అలవాటైన ముఖమే అవుతుంది.

ఆయన్ని దించి ఆ పనిలోకి రిలీవర్ వస్తాడన్న తేదీకి క్యాలెండర్ మీద సున్నా చుట్టకు. అంతర్జాతీయ నిబంధనల ప్రకారం పన్నెండు నెలల లోపు ఇంటికి పంపాలి, అయినా వారాలు అటూ ఇటూ అవుతూనే ఉంటాయి. 2020లో కోవిడ్ వచ్చినప్పుడైతే దాదాపు నాలుగు లక్షల మంది కాంట్రాక్టు అయిపోయాక కూడా ఓడల మీదే చిక్కుకుపోయారు. మా వీధిలో ఒకమ్మాయి అప్పుడు క్యాలెండర్ చించేసింది. తేదీకి బదులు నెలకి కట్టుకో, "చలికాలంలో వస్తాడు" అనుకో.

ఇంకోమాట, నీ గురించి. రాత్రులు నిద్ర పట్టడం లేదని, పాప మీద ఊరికే విసుగు వస్తోందని రాశావు. రెండు వారాలు దాటి అలాగే ఉంటే అది ఎదురుచూపు మాత్రమే కాకపోవచ్చు. 14416కి ఫోన్ చెయ్యి, టెలీ మానస్ అని ప్రభుత్వానిది, డబ్బు అక్కర్లేదు, తెలుగులో మాట్లాడతారు. చినవాల్తేరు మానసిక ఆసుపత్రికి వెళ్తే ఎవరైనా చూస్తారేమోనని మన ఊళ్ళో ఇంకా జంకుతారు. చూడనీ. ఆయన దిగులుగా ఉంటే వాళ్ళకీ ఉంది, సీఫేరర్ హెల్ప్ అని, ఏ దేశం నుంచైనా ఏ వేళకైనా ఉచితంగా పలుకుతారు. ఓడలో ఇంటర్నెట్ సంగతి కూడా ఆయన అడిగి తెలుసుకోవచ్చు. ఆ అంతర్జాతీయ నిబంధనలకి 2024 డిసెంబరు 23 నుంచి అమల్లోకి వచ్చిన సవరణ ప్రకారం, వీలైనంత వరకు సిబ్బందికి ఇంటర్నెట్ ఇవ్వాలి, చార్జీ తీసుకుంటే అది సబబుగా ఉండాలి. అది కంపెనీ చేసే దయ కాదు.

గాజువాక నుంచి బీచ్ దూరమే, అయినా ఒక ఆదివారం పాపని తీసుకుని చీకటి పడ్డాక ఆర్‌కే బీచ్‌కి వెళ్ళు. దూరంగా నీళ్ళ మీద వరసగా దీపాలు కనిపిస్తాయి. హార్బరులోకి పిలుపు కోసం లంగరు వేసుకుని ఉన్న ఓడలు అవి. ఒక్కోదానిలో ఇరవై ఇరవై ఐదు మంది. వాళ్ళలో చాలామందికి మన భాష రాదు, మన ఊళ్ళో దిగరు కూడా, కానీ మన బీచ్ రోడ్డు దీపాలు వాళ్ళకి కనిపిస్తూ ఉంటాయి. మా వాడికి ఐదేళ్ళప్పుడు ఆ దీపాలు చూపించి, "నాన్న కూడా ఇప్పుడు ఎవరో ఊరి దీపాలు చూస్తూ ఉంటారు" అని చెప్పాను. వాడు చేయి ఊపాడు. ఆ ఓడ ఎవరిదో, అందులో ఎవరున్నారో తెలియదు. నెలకోసారి వెళ్ళి ఊపి వచ్చేవాళ్ళం.

వాడు ఇప్పుడు కెనడాలో ఉన్నాడు. 2014 అక్టోబరు 12న హుద్‌హుద్ వచ్చినప్పుడు ఊళ్ళో కరెంటు లేదు, ఫోన్లు లేవు. మేమే సముద్రంలో ఉన్నట్టయింది. నాలుగో రోజు సిగ్నల్ దొరికి ఫోన్ కలిస్తే వాడు మాట్లాడలేకపోయాడు. వాళ్ళ నాన్న పుస్తకం తెరిచి చదివారు. "పన్నెండు, మధ్యాహ్నం, పెరట్లో వేపచెట్టు పడింది. పదమూడు, బోరు దగ్గర నీళ్ళ కోసం గంటన్నర. పద్నాలుగు, పాలు దొరికాయి, లీటరుకి ఎంతడిగితే అంత ఇచ్చాం." వాడు మధ్యలో ఆపి, "పన్నెండు మళ్ళీ చదువు నాన్నా" అన్నాడు.

ఇది రాస్తుంటే మా వారు పక్కన కూర్చుని, ఒకటి మర్చిపోయావంటున్నారు. ఆ రోజుల్లో రేడియో ఫోన్ అంటే రిసీవర్ ఉన్న ఎవరైనా వినొచ్చు. మా ఇంటికి ఫోన్ వచ్చేదాకా నేను మాట్లాడేది వీధి చివర మందుల షాపులో, చుట్టూ నలుగురు. ప్రేమగా ఒక్క మాట అనడానికి ఇద్దరికీ నోరు వచ్చేది కాదు. మోర్స్ వాళ్ళలో 88 అంటే ప్రేమతో ముద్దులు అని అర్థం. ఎనిమిదికి మూడు పొడుగు, రెండు పొట్టి. ఆయన ఆఖరున "ఓవర్" అనేముందు మౌత్‌పీస్ మీద గోటితో మూడుసార్లు గీరి, రెండుసార్లు కొట్టేవారు. మళ్ళీ ఇంకోసారి అలాగే. షాపులో వాళ్ళు లైన్ గరగరలాడుతోందనుకునేవారు. నేను తిరిగి గీరేదాన్ని.

రేపు మధ్యాహ్నం ఒంటిగంటకి ఫోన్ చేసినప్పుడు పాప చేతికి చెంచా ఇచ్చి కంచం మీద గీరించు, మూడు, తర్వాత రెండు కొట్టించు. అదేమిటని ఆయన అడుగుతాడు. పాప చెబుతుంది. ఆ తర్వాత, పాపని పక్క గదిలోకి పంపి, మీ నాన్నగారి సంగతి చెప్పు.